డీవోపీ అన్న

విజిటింగ్ కార్డుకు ముందువైపు 'ఇండిపెండెంట్ సినిమాటోగ్రాఫర్, తంబళ్లపల్లె' అని ఉంటుంది. తిప్పితే 'పెళ్లిళ్లు, ఓణీల ఫంక్షన్లు, డ్రోన్ కలదు'. ఊళ్లో కుర్రాళ్లకు ఆయన డీవోపీ అన్న. వాళ్లమ్మ మాత్రం "మావోడు పోటోలు తీస్తాడు నాయనా" అంటుంది.

మార్కస్ బార్ట్లేకు ఈయన ఏకలవ్య శిష్యుడు. 1957లో 'మాయాబజార్'కు బార్ట్లే లైట్లతో వెన్నెల కురిపించాడు కదా, మనవాడు థర్మాకోల్ షీటుతో కురిపించబోతాడు. షీటు పట్టుకునేది పెళ్లికూతురి తమ్ముడు. ముహూర్తం మించిపోతోందని అయ్యవారు గొంతు పెంచితే, "సామీ, ఒక్క నిమిషం, పొగ ఇంకొంచెం ఎడమకు రానీండి, బ్యాక్‌లైట్ బాగా పడతాంది" అంటాడు. హోమం పొగకు యాక్షన్ చెప్పిన మనిషి ఈయనొక్కడే. తీరా వీడియో చూస్తే తాళిబొట్టు మసక, వెనకాల వంటమనిషి చేతిలో గరిటె మాత్రం తళతళ. "ఫోకస్ షిఫ్ట్ అన్నా" అంటాడు. ఆ మాట పెళ్లికూతురి తండ్రికి అర్థం కాదు. బాకీ డబ్బు ఎగ్గొట్టడానికి అర్థం కావలసిన పనీ లేదు.

ఆషాఢం వచ్చి ముహూర్తాలు ఆగితే కళ మొదలు. లెన్సులు బెంగుళూరు నుంచి రోజు అద్దెకు వస్తాయి కాబట్టి హీరోకు టిఫిన్ టైం ఉండదు. మంచు కావాలంటే హార్సిలీ హిల్స్, గుడి కావాలంటే మల్లయ్యకొండ. ఒకసారి మదనపల్లె టమోటా మార్కెట్లో ట్రేలు దించుతున్న రైతును "మళ్లా ఒకసారి, కొంచెం బాధగా దించన్నా" అని అడిగాడు. "రేటు పడినాక రా అబ్బా, బాధ దండిగా వస్తాది" అన్నాడాయన.

2021లో నెట్‌ఫ్లిక్స్‌లో 'సినిమా బండి' వచ్చింది. ఆటోలో ఎవరో మరిచిపోయిన కెమెరాతో, ఊరి పెళ్లిళ్ల ఫోటోగ్రాఫర్‌ను వెంటేసుకుని ఆటో డ్రైవరు సినిమా తీసే కథ. నిర్మాతలు రాజ్, డీకే మన తిరుపతి, చిత్తూరు వాళ్లే. డీవోపీ అన్న చూసి, "నా కథేబ్బా. కాకపోతే వాళ్లకు కెమెరా ఊరికే దొరికింది, నాది ఇంకా కంతుల్లో ఉంది" అన్నాడు.

ఎగతాళి చేశాను గానీ, ఆ మార్కెట్ షాట్లు నేను చూశాను. తెల్లారకముందు లారీ హెడ్‌లైటు వెలుగులో టమోటా మీది మట్టి, దాన్ని తుడిచిన బొటనవేలి గుర్తు కూడా కనిపించాయి. పనిమంతుడే.

అయినా ఇంట్లో పెళ్లి పెట్టుకున్నవాళ్లకు ఒక మాట. అడ్వాన్సు చేతిలో పెట్టేముందు, తాళి కట్టే బిట్టు ఫోకస్‌లో ఉండాలని కాగితం మీద రాయించుకోండి.