నూరు ఫ్లెక్సీలు, సున్నా సాక్షులు

ఉమ్మడి వరంగల్‌లో మహనీయుల జీవిత వివరాలను నిర్ధారించే పని మహా పకడ్బందీగా సాగుతుంది. జయంతి దగ్గర పడగానే కార్యకర్త ఫోన్‌లో నిరుటి ప్రెస్‌నోట్ వెతికి, సంవత్సరం మార్చి పంపిస్తాడు. తేదీ సరైనదేనా అని అడిగితే "అన్ని ఫ్లెక్సీల మీద గదే ఉందన్నా" అంటాడు. ఫ్లెక్సీ కొట్టేవాడిని అడిగితే "వాళ్లిచ్చిందే కొట్టిన" అంటాడు. ఇంతకన్నా గట్టి రుజువు ఇంకేం కావాలి?

జనగామ పక్క ఖిలాషాపూర్ కోట సర్వాయి పాపన్ననే తీసుకోండి. మొగలు ఫౌజును ముప్పుతిప్పలు పెట్టి, 1708లో వరంగల్ మీద పడ్డ వీరుడు. దక్కన్ చరిత్ర మీద 2005లో పుస్తకం వేసిన రిచర్డ్ ఈటన్ పాపన్న అధ్యాయానికి పుట్టిన ఏడాదే వేయలేదు. 1695 నుంచి 1710 దాకా రంగంలో ఉన్నాడని మాత్రం వేసి ఊరుకున్నాడు. పాపం, అమెరికా ప్రొఫెసర్! జనగామ చౌరస్తాలో ఒక్క ఫ్లెక్సీ చదివినా 1650 ఆగస్టు 18 అని తెలిసిపోయేది. ఆనాడు ఖిలాషాపూర్‌లో ఇంగ్లిషు కేలండర్ ఎవరింట్లో వేలాడిందని మాత్రం అడగకూడదు.

పాలకుర్తిలో విసునూరు దేశ్‌ముఖ్‌కు ఎదురు నిలిచిన చాకలి ఐలమ్మ 1985 సెప్టెంబర్ 10న కన్నుమూసింది. పుట్టింది 1895లోనని కొందరు రాస్తే, 1919లోనని ఇంకొందరు రాశారు. మరి దొరతో తలపడేనాటికి ఆమెకు యాభై ఏళ్లా, పాతికేళ్లా? అవి రెండు వేరువేరు జీవితాలు. మన వేదికల మీద మాత్రం రెండింటికీ ఒకే ఉపన్యాసం సరిపోతుంది.

ఊళ్ల లెక్క ఇంకా ముచ్చట. 1920లోనే "మహబూబాబాద్ జిల్లాలో" పుట్టేసిన నాయకులు మన సావనీర్లలో తారసపడుతుంటారు. ఆ జిల్లా పుట్టిందేమో 2016 అక్టోబర్ 11న! 1946 జూలై 4న కడవెండిలో దొడ్డి కొమరయ్య తూటాకు నేలకొరిగేనాటికి జనగామ తాలూకా నల్లగొండ జిల్లాలో ఉంది. ఆ సంగతి తెలియనివాడు వరంగల్ కాగితాలు తిరగేసి, "రికార్డులే లేవు" అని తేల్చేస్తాడు. ఇక జయశంకర్ సార్‌ను భూపాలపల్లి బిడ్డను చేసేవాళ్లున్నారు. ఆయన సొంతూరు అక్కంపేట హనుమకొండ జిల్లాలో ఉందంటే, "జిల్లాకే ఆయన పేరుంది కదా" అని మన నోరు మూయిస్తారు. ఏళ్ల లెక్కా అంతే. నిజాం కాలపు కాగితాల్లో ఫసలీ ఏడు కనబడితే, ఇంగ్లిషు ఏడు కోసం 590 కలపాలి, అక్టోబర్‌లో మొదలయ్యే ఆ ఏడు జనవరిలో అడుగుపెడితే 591. అంత కూడిక ఎవరు చేస్తారు? ఫార్వర్డ్ నొక్కడం సులువు.

అమెరికా వాళ్లకు ఈ సులువు తెలియదు. తొలి ఆర్థిక మంత్రి అలెగ్జాండర్ హామిల్టన్ తాను 1757లో పుట్టానని చెప్పుకున్నాడు. ఆయన తల్లి పోయినప్పుడు, 1768లో, సెయింట్ క్రోయి దీవి కోర్టు కాగితం మాత్రం పిల్లవాడికి 13 ఏళ్లని రాసింది. అంటే 1755. సాక్షాత్తూ ఆ మనిషి మాటనే పక్కన పెట్టి చరిత్రకారులు కాగితాన్ని తరచి చూశారు. కొందరు ఇప్పటికీ రెండు ఏళ్లూ వేస్తారు. అలాగని వాళ్లేం శుద్ధపూసలు కారు. చిన్నారి వాషింగ్టన్ చెర్రీ చెట్టు నరికి నిజం ఒప్పుకున్నాడన్న కథ వీమ్స్ అనే మతగురువు తన పుస్తకం 1806 ముద్రణలో చేర్చిన కల్పన. సత్యం పలకాలని చెప్పే పాఠమే అబద్ధం. దాన్ని తరాల తరబడి బళ్లలో వల్లె వేయించారు, మన బళ్లలోనూ.

నూరుసార్లు నకలు తీస్తే నూరుగురు సాక్షులు పుట్టరు. కాబట్టి తేదీ కింద అది ఎక్కడిదో కూడా వేయండి: బడి రిజిస్టరా, పహాణీనా, ఊరి ముసలమ్మ మాటా, నిరుటి ఫ్లెక్సీనా? బడి రిజిస్టరును కూడా గుడ్డిగా నమ్మొద్దు. పంతుళ్ల చలవ వల్ల ఒక తరమంతా జూన్, జూలైలలోనే పుట్టింది. దేనికీ ఆధారం దొరక్కపోతే ప్రశ్నార్థకం పెట్టండి. 1895 లేక 1919 అని వేసినంత మాత్రాన ఐలమ్మ ఎత్తు అంగుళమైనా తగ్గదు. తగ్గేదల్లా మైకు ముందు మన గొంతు.