అయిదూళ్లు చాలని రాజు

మా మేడమీది గదిలో అద్దెకుండే కుర్రాడికి ఒక రాజ్యం ఉంది. అది 8 జీబీ లాప్‌టాప్‌లో ఉంటుంది. ఇంజనీరింగ్ అయింది, అమీర్‌పేటలో సీసీఎన్‌ఏ అనే నెట్‌వర్క్ పరీక్షకి కోచింగూ అయింది. ఎయిర్‌పోర్టులో నెట్‌వర్క్ ఉద్యోగం ‘దాదాపు వచ్చినట్టే’, పోయిన ఉగాది నుంచీ. పిలవగానే పరిగెత్తొచ్చని శంషాబాద్‌లోనే గది తీసుకున్నాడు.

అసలు రౌటర్లు కొనాలంటే వాళ్ల నాన్న పొలం అమ్మాలి. అందుకని జీఎన్ఎస్3 అనే ప్రోగ్రామ్‌లో రౌటర్ ఇమేజ్‌లు నడుపుతాడు. ఇమేజ్ అనగానే మా ఆవిడ పెళ్లిచూపుల ఫొటో అనుకుంది. కాదట. రౌటర్ పెట్టెలో నడిచే సాఫ్ట్‌వేరే ఒక ఫైలు. లాప్‌టాప్‌లో పడేసినా అది పెట్టెలోనే ఉన్నాననుకుంటుందట. 2005లో ఫ్రాన్స్‌లో క్రిస్టోఫ్ ఫియో మొదలెట్టిన డైనమిప్స్ అనే ప్రోగ్రామ్ చలవ ఇదంతా. “రౌటర్లు చేసే సిస్కోవాళ్లు ఆ ఫైలు ఊరికే ఇస్తారా?” అన్నాను. ఫ్యాను వంక చూశాడు. వాళ్లే ఉచితంగా ఇచ్చే ల్యాబ్ ఒకటుందట గానీ అందులో అయిదు రౌటర్లే. పాండవులు అయిదూళ్లు చాలన్నారు, మావాడు ఒప్పుకోడు.

నాకు బాగా నచ్చింది ఐడిల్ పీసీ. పనిలేని రౌటర్ ఊరుకోదు, పనొచ్చిందా, వచ్చిందా అని లోపల గిరగిరా తిరుగుతూనే ఉంటుంది. అది పనో, పనిలేకపోవడమో తెలియని లాప్‌టాప్ ఒళ్లు కాలేదాకా చాకిరీ చేస్తుంది. ఊరికే తిరుగుతున్న చోటు కనిపెట్టి ఐడిల్ పీసీగా చెబితే చల్లబడుతుంది. నేను ఉద్యోగం చేసే రోజుల్లో ఆఫీసులో ఈ సదుపాయం లేకపోయింది!

రౌటర్లకి శంషాబాద్, సాతంరాయి, గగన్‌పహాడ్, ఆరాంఘర్ అని పేర్లు పెట్టుకున్నాడు. అర్ధరాత్రి నెత్తిమీంచి విమానం దిగుతుంటే, వీడు సాతంరాయి దారి మూసేసి, ప్యాకెట్లు చుట్టుతిరిగి ఆరాంఘర్ చేరాయో లేదో చూసి మురిసిపోతుంటాడు.

మొన్న రాత్రి కరెంటు పోయింది. లాప్‌టాప్ బ్యాటరీ ఎప్పుడో చచ్చింది. కాన్ఫిగరేషన్ సేవ్ చెయ్యలేదు. దిగులుగా మెట్లమీద కూర్చున్నాడు. అప్పుడే వాళ్లమ్మ ఫోను.

“ఏంట్రా, గొంతు అలా ఉంది?”

“ఆరాంఘర్ నుంచి శంషాబాద్‌కి దారి పోయిందమ్మా. మధ్యలో సాతంరాయి కూడా లేదు.”

“అయ్యో! ఇంత రాత్రప్పుడు ఒక్కడివే ఉన్నావా?”

“ఒక్కడినే.”

“ఆటో ఎక్కెయ్ నాయనా, డబ్బులకి చూడకు. ఇప్పుడే ఫోన్‌పే చేస్తున్నా.”

మావాడు వద్దనలేదు.