అప్‌డేట్ నొక్కొద్దు తాతయ్యా

మా రోజుల్లో ఆట ఆడాలంటే క్యాసెట్ తీసి, అడుగున నోటితో గట్టిగా ఊది, మిషన్లో నొక్కి స్విచ్ వేసేవాళ్లం. తెర మీద పిచ్చిగీతలు వస్తే తీసి మళ్లీ ఊదేవాళ్లం. కంట్రా మొదలయ్యేది. ఇప్పుడు ఆ ఊదడానికి బదులుగా ఇన్‌స్టలేషన్ అని ఒకటి వచ్చింది. అది ఒక పూట పని.

మా మనవణ్ని చూస్తున్నానుగా. పదో తరగతి. శనివారం సాయంత్రం వచ్చి, బ్యాగు సోఫాలో గిరవాటేసి టీవీ ముందు కూర్చుంటాడు. ఆడటానికి కాదు, ఎక్కించడానికి. వాడిది ప్లేస్టేషన్ 4, సెకండ్ హ్యాండ్. దాని సాఫ్ట్‌వేర్ 9.00 దగ్గర ఆగిపోయి ఉంది. ఆగిపోవడం జబ్బు కాదట, అదే దాని ఆరోగ్యమట. 2021 డిసెంబరులో ఎవరో మహానుభావులు ఆ వర్షన్‌కి, కంపెనీ తాళం తప్పించుకుని ఆటలు ఎక్కించే కన్నం కనిపెట్టారు. ముందే తయారు చేసుకున్న పెన్‌డ్రైవ్‌ని మిషన్ అడిగిన క్షణానికి గుచ్చాలి. అదను తప్పితే మిషన్ ఆరిపోతుంది. మళ్లీ వేస్తే ‘నన్ను సరిగ్గా ఆపలేదు’ అని నిష్ఠూరమాడి, తన హార్డ్‌డిస్కు తనే తడుముకుంటుంది. అన్నీ కుదిరితే, కన్నం పడిందనడానికి గుర్తుగా తెర మీద ఓ మూల గోల్డ్‌హెన్ అని చిన్న మాట పడుతుంది. అప్పుడు మావాడు ఊపిరి పీల్చుకుంటాడు.

అసలు పని అక్కణ్నుంచి. ఒక్కో ఆట 40, 50 జీబీల ప్యాకేజీ ఫైలు. పాత ఫ్యాట్32 పద్ధతిలో 4 జీబీ దాటిన ఫైలు పట్టదు కాబట్టి డ్రైవ్‌ను ఎక్స్‌ఫ్యాట్‌లోకి మార్చుకోవాలి. ముందు ఆట, తర్వాత దాని అప్‌డేట్, ఆ పైన అదనపు సరుకు. వరస తప్పితే ఒప్పుకోదు. పైగా ఆ ఆటకీ ఆ అప్‌డేట్‌కీ పెళ్లయి ఉండాలట! వేళాకోళం అనుకున్నాను. కాదు, ఈ పని చేసే కుర్రాళ్లు ఆ మాటే వాడతారు. ఒకడు తీసిన ఆట కాపీకి, ఇంకొకడి కాపీ చూసి కట్టిన అప్‌డేట్ తగిలిస్తే ఎర్రర్ కొట్టి కూర్చుంటుంది. సీయూఎస్‌ఏ అని మొదలయ్యే నంబరొకటి రెండింటికీ కలవాలి. మన పెళ్లిళ్లలో గోత్రం కలవకూడదు, వీళ్ల పెళ్లిళ్లలో కలిసి తీరాలి.

ఇంతా అయ్యి, నీలం గీత చివరికొచ్చేసరికి కరెంటు పోతుంది. బెజవాడ ఎండాకాలం సంగతి తెలిసిందే. ఆ కన్నం మిషన్‌కి శాశ్వతంగా పడేది కాదు, ఆన్‌లో ఉన్నంతసేపే. కరెంటుతో పాటే అదీ పోతుంది. మళ్లీ పెన్‌డ్రైవ్, మళ్లీ అదను. అందుకని వీడు దాన్ని ఎప్పుడూ పూర్తిగా ఆపడు, పడుకోబెడతాడంతే. రాత్రంతా నారింజ రంగు లైటు. కరెంటు బిల్లు కట్టేవాణ్ని కనక వెళ్తూ వెళ్తూ స్విచ్ ఆపేస్తాను. కొంపలంటుకున్నట్టు అరుస్తాడు. పైగా టీవీలో ఏ బాక్సు వచ్చినా ఓకే కొట్టే అలవాటు నాది. అప్‌డేట్ ఎక్కిందంటే ఆ కన్నం పూడిపోతుంది. “అప్‌డేట్ నొక్కొద్దు తాతయ్యా!” అన్నది మా ఇంట్లో రోజుకోసారి వినపడే మాట.

నేనేమీ ఈ వ్యాపారం ఎరగనివాణ్ని కాదు. 80ల చివర్లో గాంధీనగరంలో, సినిమా డిస్ట్రిబ్యూటర్ల ఆఫీసుల వెనక సందులో వీడియో లైబ్రరీ పెట్టాను. అప్పట్లో అదో గౌరవమైన వృత్తే. మా ఊళ్లో సిద్ధార్థ ఇంజినీరింగ్ కాలేజీలో చదివిన రామ్‌గోపాల్ వర్మ కూడా హైదరాబాదులో వీడియో షాపు నడిపే సినిమాల్లోకి వెళ్లాడు. నేను మాత్రం వీడియో గేముల్లోకి వెళ్లాను. కేబుల్ టీవీ వచ్చి సినిమా క్యాసెట్లు అడిగేవాళ్లు తగ్గాక, అద్దాల బీరువాలో పై అర ఖాళీ చేసి పసుప్పచ్చ క్యాసెట్లు పేర్చాను.

మీడియా, లిటిల్ మాస్టర్ అని పేర్లుండేవి ఆ మిషన్లకి. జపాన్లో నింటెండో 1983లో తెచ్చిన ఫ్యామికామ్‌కి నకళ్లు అవన్నీ. దాని వెనక వైరు తీసి టీవీ యాంటెన్నా సాకెట్లో పెట్టి, ఛానెల్ బటన్ పక్కనున్న సన్న చక్రాన్ని వేలిగోటితో తిప్పుతూ ఉంటే చుక్కల వాన సర్దుకుని బొమ్మ నిలబడేది. ఈసీ టీవీలో ఒక చోట, డయనోరాలో ఇంకో చోట. పిల్లలకి ఎవరింట్లో టీవీకి ఎంత తిప్పాలో నోటికొచ్చేది. అడాప్టర్ కాలిపోయేంత వేడెక్కితే తడిగుడ్డ వేసేవాళ్లు కొందరు వెధవలు. వాళ్లు ఎలా బతికి బట్టకట్టారో దుర్గమ్మకే తెలియాలి.

క్యాసెట్ మీద ‘9999 ఇన్ 1’ అని ఉండేది. లెక్కపెడితే అసలు ఆటలు వేళ్ల మీద. మిగతావన్నీ అవే ఆటలు పేరు మార్చి, మూడో లెవెల్ నుంచి మొదలయ్యేవి. ఎవడూ కేసు పెట్టలేదు. గంటకు పది రూపాయలు షాపులో ఆడితే, రోజుకి ఇంత అని ఇంటికి పట్టుకెళ్తే. వేసవి సెలవులకి పామర్రు, మొవ్వ, అవనిగడ్డ పోయే పిల్లలు మిషన్‌ను తువ్వాల్లో చుట్టి, బస్సులో ఒళ్లో పెట్టుకుని పోయేవాళ్లు. నా రిజిస్టరులో పేరు, వీధి, డిపాజిట్. క్యాసెట్ డొక్క విరిగితే డిపాజిట్లో కోత. ఒక కంట్రా క్యాసెట్ లబ్బీపేటలో తిరిగి, వన్‌టౌన్‌లో తిరిగి, కాలవ దాటి పల్లెల్లో తిరిగి నా దగ్గరికొచ్చేది. దాంతో పాటే గుట్టూ తిరిగేది: పైకి పైకి, కిందికి కిందికి, ఎడమ కుడి, ఎడమ కుడి, బీ, ఏ. ముప్పై ప్రాణాలు. ఫోన్లు లేని రోజుల్లో కొనామీ వాళ్ల ఆ చిట్కా దివిసీమ దాకా ఎలా పాకిందో నేను కళ్లారా చూశాను.

తర్వాత ప్లేస్టేషన్. మొదటి దాని కోసం పినాకినిలో పొద్దున్నే బయల్దేరి మద్రాసు బర్మా బజారుకు పోయేవాణ్ని. చిప్పు వేసిన మిషన్ అని అడగాలి. ఆ చిప్పు ఎందుకో చెప్తే మీకు ఆ కంపెనీ తెలివి అర్థమవుతుంది. అసలు సీడీలో లోపలి అంచు దగ్గర గాడిని కావాలని కాస్త వణికేలా అచ్చు వేస్తారు. ఆ వణుకులో ఏ దేశాల అమ్మకానికి చేసిందో నాలుగక్షరాలు దాచి ఉంటాయి. మామూలు సీడీ రైటర్‌కి ఆ వణుకు వేయడం చేతకాదు. కాబట్టి కాపీ సీడీలో ఆ అక్షరాలు ఉండవు, మిషన్ ఆడదు. లోపల అతికించిన చిప్పు ఆ నాలుగక్షరాలను తనే గొణుగుతుంది. అంతే సంగతి. కొన్నాళ్లు వాడాక లెన్స్ నడిచే ప్లాస్టిక్ పట్టీ అరిగిపోయి సీడీ చదవదు. దానికి మందు, మిషన్‌ను బోర్లా తిప్పడం! నా కౌంటర్ మీద ప్లేస్టేషన్ ఎప్పుడూ తలకిందులుగానే ఉండేది. కొత్తవాళ్లు చూసి నవ్వేవాళ్లు, పాతవాళ్లు చూసి ‘మనదీ తిప్పుదాం’ అనుకుని ఇంటికెళ్లేవాళ్లు.

2000లో జపాన్లో విడుదలై, ప్రపంచంలో 15 కోట్లకు పైగా అమ్ముడైన ప్లేస్టేషన్ 2తో నా షాపు చివరి వైభోగం నడిచింది. శాన్ ఆండ్రియాస్, స్మాక్‌డౌన్, ఆ తర్వాత క్రికెట్ 07. షెల్ఫులో ఒరిజినల్ సీడీలు ఎన్ని అని మాత్రం అడక్కండి. ఆ లెన్స్ కూడా చచ్చాక మిషన్‌ను అటకెక్కించాను. మొన్నామధ్య మనవడు దించాడు. ఫ్రీ మెక్‌బూట్ అనేది ఎక్కించిన మెమరీ కార్డు ఒకటి ఎక్కడో కొనుక్కొచ్చి గుచ్చాడు. సీడీ ఊసే లేకుండా, పెన్‌డ్రైవ్‌లోంచి క్రికెట్ 07 లేచింది. ఆ కాలపు యూఎస్‌బీ వేగం తక్కువ కనక మధ్యమధ్య బొమ్మ నత్తినత్తిగా నడిచింది గాని, నడిచింది. ఇరవై ఏళ్ల నాటి మిషన్‌ను కంపెనీ కాదు, ఒక మెమరీ కార్డు బతికించింది. ఇది నేను ఒప్పుకోవాలి.

ఒప్పుకోనిది ఇంకోటుంది. ఒకప్పుడు కొన్న క్యాసెట్‌ని అమ్ముకున్నాం, అప్పిచ్చాం, అద్దెకిచ్చాం, పక్కింటివాడితో మార్చుకున్నాం. కంపెనీ వాడు మూసేసుకుని పోయినా క్యాసెట్ ఆడేది. ఇప్పుడు డబ్బు పూర్తిగా కట్టించుకుని అనుమతి మాత్రం ఇస్తున్నారు. నింటెండో వాళ్లు వీ మిషన్ ఆన్‌లైన్ దుకాణాన్ని 2019 జనవరిలో కట్టేశారు. వీ యూ, 3డీఎస్‌లవి 2023 మార్చిలో అమ్మకాలు ఆపేశారు. 2025లో స్విచ్ 2 వచ్చింది. దానికి కొన్ని ఆటలు కార్డుగానే అమ్ముతారు, డబ్బా ఉంటుంది, డబ్బాలో కార్డు ఉంటుంది, కార్డులో ఆట ఉండదు! అది తాళం చెవి మాత్రమేనట, ఆటను నెట్‌లోంచి దించుకోవాలట. నా షాపులో ఖాళీ క్యాసెట్ అద్దెకిచ్చి ఉంటే ఆ సాయంత్రమే బీరువా అద్దాలు పగిలేవి.

అయితే మనవడికి మార్కులు వేయడానికీ నా చేతులు రావు. వాడి హార్డ్‌డిస్కులో రెండొందల ఆటలున్నాయి. “ఇవన్నీ ఏంట్రా?” అంటే “బ్యాకప్‌లు తాతయ్యా” అంటాడు. వాడు కొన్న డిస్కులు ఆరో ఏడో. మిగతావి ఎవరి ఆటలకి బ్యాకప్ అని అడిగితే ఛార్జర్ వెతుక్కుంటాడు. మా వీధి వకీలుగారు చెప్పారు: మన కాపీరైట్ చట్టం, 1957 నాటిది, 52వ సెక్షన్‌లో ప్రోగ్రామ్ కాపీ న్యాయంగా చేతిలో ఉన్నవాడు, అది పోయినా పాడైనా పనికొచ్చేలా నకలు తీసి ఉంచుకోవచ్చంటుంది. 2012లో 65ఎ చేర్చి, హక్కులు కొల్లగొట్టే ఉద్దేశంతో కంపెనీ తాళం పగలగొడితే రెండేళ్ల దాకా జైలు, జరిమానా అంటుంది. అమెరికాలో 2022లో నింటెండో స్విచ్ తాళాలు తీసే పరికరాలు అమ్మిన ముఠాలో ఒకడికి 40 నెలల శిక్ష వేశారు కూడా. మనవడికి ఇదంతా వినిపించాను. “నేను అమ్మట్లేదుగా” అన్నాడు.

చట్టంలో రాసిన ఆ పోవడం, పాడవడం ఏమిటో మాకు 2024 సెప్టెంబరు 1న తెలిసింది. ఆదివారం. ఒకవైపు ప్రకాశం బ్యారేజీ దగ్గర కృష్ణ పొంగి మర్నాటికి 11 లక్షల క్యూసెక్కులు దాటింది, ఇంకోవైపు బుడమేరు గండ్లు పడి సింగ్‌నగర్‌ను ముంచింది. మా అమ్మాయి వాళ్లది అక్కడే, కింది వాటా. మేడ మీదికి ఎక్కి కూర్చున్నారు, డ్రోన్లతో అన్నం పొట్లాలు వేశారు. రోజుల తరబడి నీళ్లు కదల్లేదు. నీళ్లు తీశాక తలుపు తెరిస్తే ఇంట్లో మోకాలి దాకా బురద, టీవీ స్టాండు కింద మనవడి అప్పటి ప్లేస్టేషన్. దాని గాలి రంధ్రాల్లోంచి బురద కారుతోంది.

ఆటల డిస్కులు డబ్బాలతో సహా ఆ బురదలోనే దొరికాయి. మా అమ్మాయి పారేయబోతే నేను ఆపాను. బకెట్లో సబ్బు నీళ్లు కలిపి, ఒక్కోటి మధ్యలోంచి అంచుకు మెత్తటి గుడ్డతో తుడిచి, నీడన ఆరబెట్టాను. గుండ్రంగా తుడవకూడదు, గాడి వెంట గీత పడుతుంది. ఇది షాపు విద్య. పటమటలో మనవడి స్నేహితుడి ప్లేస్టేషన్ 5లో పెట్టి చూస్తే రెండు తప్ప అన్నీ ఆడాయి. బురదలో నాని లేచినవి, తమది కాని ఇంట్లో, కొత్త మిషన్లో! నేను ఆ పూటంతా విర్రవీగాను.

వాడి హార్డ్‌డిస్కు అటక మీద క్షేమంగా ఉంది. రెండొందల ఆటలూ బతికాయి. వాటిని ఆడించే మిషన్ పోయింది. స్నేహితుడి ప్లేస్టేషన్ 5 వాటిని పలకరించదు. చెడిపోయిన ఆ రెండు డిస్కులకి కూడా, వాడు సొంత డిస్కుల నుంచే తీసుకున్న నకళ్లు అందులో ఉన్నాయి. చట్టం ఏ అవసరానికని రాసిందో అచ్చం ఆ అవసరం. ఆ నకలు వేసుకునే దారి మాత్రం కంపెనీ ఏ మిషన్‌లోనూ ఉంచలేదు. కొన్న డిస్కు ఎదురుగా పెట్టి, బురద మరకలు చూపించినా ఉండదు. నా విర్రవీగుడు అక్కడితో దిగింది. ఈ విషయంలో నేను మనవడి పక్షం.

అందుకే మళ్లీ సెకండ్ హ్యాండ్ వేట మొదలైంది. గుడివాడలో ఒకాయన మంచి ధరకి ఇస్తానన్నాడు. పాత వర్షనే ఉందని మనవడు ఫొటో తెప్పించుకుని మరీ చూశాడు. శనివారం బస్సెక్కి వెళ్లాం. ఆయన మర్యాదస్తుడు, మజ్జిగ ఇచ్చాడు. “మీరు పిల్లాడి కోసం దూరం నుంచి వస్తున్నారు కదండీ, రాత్రి కూర్చుని లేటెస్ట్ సాఫ్ట్‌వేర్ అప్‌డేట్ చేసి ఉంచా” అన్నాడు. మావాడి మొహం చూడాలి. ఆయనకి విషయం చెప్పలేక, మజ్జిగ తాగేసి, ఇంట్లో అడిగి చెప్తామని బయటపడ్డాం.

చివరికి తెనాలిలో దొరికింది, నెట్‌కి ఎన్నడూ కలపని మిషన్. ఆ కుర్రాడికి దాని విలువ తెలుసు. పన్నెండు వేలన్నాడు. మిషన్‌ది పదివేలు, అప్‌డేట్ చేయకుండా ఉంచినందుకు రెండు వేలు. బేరమాడాను. తగ్గలేదు.