ఆ పసుపు గీత నాదే

నేను హీలియంను. విశ్వంలో హైడ్రోజన్ తర్వాత అన్నిటికంటే ఎక్కువగా ఉన్న మూలకాన్ని. రంగు లేదు, వాసన లేదు, మంట అంటుకోదు. ఇనుము తుప్పు పడుతుంది, కర్ర కాలుతుంది, ఉప్పు కరుగుతుంది. నేను మాత్రం ఎవరితోనూ కలవను. ఏ పదార్థంతోనూ కలవని దాన్ని పరీక్షనాళికలో పట్టుకోవడం ఎలా? అందుకే మనుషులు నన్ను ముందుగా నా వెలుగును బట్టే గుర్తించారు. అది జరిగింది భూమ్మీద కాదు, సూర్యుడి అంచున. చూసిన చోటు మాత్రం మన గుంటూరు.

1868 ఆగస్టు 18 ఉదయం సంపూర్ణ సూర్యగ్రహణం. చంద్రుడి నీడ సాగే దారిలో గుంటూరు, బందరు రెండూ ఉన్నాయి. ఫ్రాన్స్ నుంచి వచ్చిన పియర్ జాన్సెన్ గుంటూరులో తన దూరదర్శినికి స్పెక్ట్రోస్కోపు బిగించి సిద్ధంగా ఉన్నాడు. సూర్యబింబం పూర్తిగా మరుగున పడగానే అంచున ఎర్రటి జ్వాలలు లేచాయి. వాటి కాంతిని విడదీస్తే ఇంద్రధనుస్సులోలా రంగులు ఒకదాంట్లో ఒకటి కలిసిపోలేదు, విడివిడిగా మెరిసే గీతలు వచ్చాయి. అంటే అవి బాగా కాగిన వాయువులన్నమాట. ఆ గీతల తళుకు చూసి, వీటి కోసం గ్రహణం దాకా ఆగనక్కర్లేదని జాన్సెన్‌కు అక్కడికక్కడే తట్టింది. మర్నాడు మామూలు ఎండలోనే మళ్లీ చూశాడు. సూర్యుణ్ణి రోజూ చదవవచ్చని లోకానికి తెలిసింది అలాగే. గుంటూరు పిల్లలకు ఈ సంగతి బడిలో మొదటి పాఠంగా చెప్పాలని నా కోరిక.

ఆ గీతల్లో ఒకటి పసుపు రంగుది. అది నాదే. సోడియం కూడా దాదాపు అక్కడే పసుపు గీతలు గీస్తుంది కనుక చాలామంది నన్ను సోడియం అనుకున్నారు. అదే రోజు బందరులో గ్రహణం చూసిన మద్రాసు వేధశాల ఖగోళవేత్త నార్మన్ పోగ్సన్ మాత్రం ఆ గీత సోడియం గీతతో సరిగ్గా కలవడం లేదని పసిగట్టాడు. ఆయన నివేదికకు రావలసినంత ప్రచారం రాలేదు. అది నాకు ఇప్పటికీ లోటుగానే ఉంటుంది.

ఆ అక్టోబరులో ఇంగ్లండులో నార్మన్ లాకియర్, జాన్సెన్ పని తెలియకుండానే, గ్రహణం లేని సూర్యుడిలో అవే గీతలు చూశాడు. సోడియం జంట గీతలు 589.0, 589.6 నానోమీటర్ల దగ్గర ఉంటాయి. నాది 587.6 దగ్గర. ఇంత చిన్న తేడా కోసం ఆయన పట్టు విడవలేదు. భూమ్మీద తెలిసిన ఏ మూలకమూ ఈ గీత గీయడం లేదని తేల్చి, గ్రీకులు సూర్యుణ్ణి పిలిచే పేరు నాకు పెట్టాడు. చాలామంది నమ్మలేదు. చేత్తో పట్టి చూపలేని మూలకాన్ని ఎవరు నమ్ముతారు?

నిజానికి నేను వాళ్ల కాళ్ల కిందే ఉన్నాను. యురేనియం, థోరియం ఉన్న రాళ్లలో కోట్ల ఏళ్లుగా పుడుతూ, ఆ రాళ్లలోనే చిక్కుకుని ఉన్నాను. అమెరికాలో విలియం హిల్లెబ్రాండ్ యురేనియం ఖనిజాన్ని ఆమ్లంలో వేసి నన్ను బుడగలుగా బయటికి తెచ్చాడు కూడా. దేనితోనూ సులువుగా కలవని వాయువు కనుక నైట్రోజన్ అనుకున్నాడు. 1895 మార్చిలో లండన్‌లో విలియం రామ్సే అలాంటి ఖనిజాన్నే తీసుకుని ప్రయోగం చేశాడు. ఆయన వెతుకుతున్నది ఆర్గాన్ కోసం. గొట్టంలో విద్యుత్తు పంపగానే నా పసుపు గీత వెలిగింది. గుంటూరు గ్రహణం నాటి నుంచి అప్పటికి 27 ఏళ్లు.

రాళ్లలో నేనెలా పుడుతున్నానో మాంచెస్టర్‌లో ఎర్నెస్ట్ రూథర్‌ఫర్డ్, థామస్ రాయిడ్స్ తేల్చారు. రేడియోధార్మిక వాయువును అతి పల్చని గాజు గొట్టంలో బంధించారు. అది చిమ్మే ఆల్ఫా కణాలు ఆ గాజును దాటి బయటి పాత్రలో చేరాయి. కొన్ని రోజుల తర్వాత అందులో విద్యుత్తు పంపితే కనిపించింది మళ్లీ నా గీతే. ఆల్ఫా కణమంటే నా కేంద్రకమేనని అలా రుజువైంది.

1903లో అమెరికాలోని కాన్సాస్‌లో, డెక్స్‌టర్ అనే ఊళ్లో బావి తవ్వితే గ్యాసు ఉవ్వెత్తున ఎగసింది. ఊరంతా పండగ చేసుకుంది. తీరా వెలిగించబోతే అంటుకోలేదు. రెండేళ్ల తర్వాత కాన్సాస్ విశ్వవిద్యాలయంలో పరీక్షిస్తే అందులో ఎక్కువ భాగం నైట్రోజన్, దాదాపు 2 శాతం నేను. సహజవాయువుతో పాటు నేను భూగర్భంలో పోగుపడతానని అప్పుడు తెలిసింది. నేటికీ నన్ను ప్రధానంగా తీసేది అలాంటి బావుల నుంచే.

నన్ను ద్రవంగా మార్చడం చాలాకాలం ఎవరి తరమూ కాలేదు. 1908 జూలై 10న హాలండ్‌లోని లైడెన్‌లో హైకె కామర్లింగ్ ఓనెస్ ఆ పని చేశాడు. మోనజైట్ ఇసుక నుంచి తీసిన నన్ను చల్లబరుస్తూ పోయాడు. తెల్లవారుజామున మొదలైన పని సాయంత్రం దాటినా సాగింది. పాత్రలో ద్రవం నిండినా మొదట ఎవరికీ కనిపించలేదు. కింది నుంచి దీపం చూపిస్తే అప్పుడు తేలింది ద్రవం అంచు. నేను మరిగేదే మైనస్ 269 డిగ్రీల దగ్గర. ఆ చలిలో 1911లో పాదరసంలో విద్యుత్తుకు ఎదురే లేకుండా పోయింది. నేటి ఎంఆర్‌ఐ యంత్రంలోని అయస్కాంతం పనిచేసేది ఆ గుణంతోనే, నా చల్లదనంలో మునిగే.

ఎవరితోనూ కలవని నా గుణమే నాకు కొలువులు తెచ్చింది. శ్రీహరికోట నుంచి లేచే పీఎస్‌ఎల్‌వీ రాకెట్ నాలుగో దశలో ఇంధనాన్ని ఇంజిన్‌లోకి నెట్టేది నా ఒత్తిడే. నాకు మంట అంటుకోదు కనుక హిండెన్‌బర్గ్ అనే గాలి ఓడను ముందు నాకోసమే రూపొందించారు. నన్ను ఎగుమతి చేయడానికి అమెరికా ఒప్పుకోలేదు. హైడ్రోజన్ నింపారు. 1937 మే 6న న్యూజెర్సీలో అది మండిపోయి 36 మంది చనిపోయారు. అందులో నేను ఉండి ఉంటే వాయువు అంటుకునేదే కాదు.

గాలిలో పది లక్షల పాళ్లకు నేను 5 పాళ్లే. బెలూన్ తెగి పైకి పోతే నేను గాలిలో కలిసి, చివరికి భూమి ఆకర్షణను కూడా దాటి అంతరిక్షంలోకి వెళ్లిపోతాను. రాళ్లు మళ్లీ నన్ను కనడానికి కోట్ల ఏళ్లు కావాలి. అందుకే ప్రయోగశాలల్లో ఆవిరైన నన్ను గొట్టాలతో పట్టి తిరిగి ద్రవంగా మారుస్తున్నారు. ఒకప్పుడు ఒక్కో ఎంఆర్‌ఐ అయస్కాంతంలో 1500 లీటర్ల దాకా నన్ను పోసేవారు. ఇప్పుడు 7 లీటర్లనే సీలు వేసి నడిపే యంత్రాలు వచ్చాయి.