నీతి నోటికి, రాయితీ ప్యాకెట్టుకు

దేశానికి ఒళ్ళు ఎందుకు వస్తోందో పెద్దలు కనిపెట్టేశారు. మన నోటికి అదుపు లేదు, కాళ్ళకు పని లేదు. అంతే. తెల్లారుజామున లేవాలి, నడవాలి, నూనె తగ్గించాలి, చిరుధాన్యాలు తినాలి. ఈ నాలుగు ముక్కలే టీవీలో డాక్టరుగారు చెబుతారు, వాట్సాప్‌లో బావమరిది పంపుతాడు, సభలో మంత్రిగారు సెలవిస్తారు. విన్నాక కూడా పొట్ట తగ్గలేదంటే తప్పు పొట్టదే.

ఈ ఉపదేశం బత్తలపల్లికీ వచ్చింది. అనంతపురం, కదిరి, ధర్మవరం, తాడిపత్రి దారులు కలిసే ఊరు కాబట్టి ఏదైనా ఇటుగానే పోవాలి. కరువు మాత్రం పోకుండా చాలాకాలం ఇక్కడే మకాం వేసింది. విన్సెంట్ ఫెర్రర్ 1969లో అనంతపురం వచ్చింది ఇక్కడి జనం తిన్నది అరక్క అవస్థ పడుతున్నారని కాదు. ఆయన పెట్టిన రూరల్ డెవలప్‌మెంట్ ట్రస్టు 2000లో బత్తలపల్లిలో ఆసుపత్రి తెరిచిందీ అందుకు కాదు. ఏడాదికి 550 మిల్లీమీటర్ల వాన పడితే సంబరపడే నేల ఇది. ఇక్కడ నిలబడి ‘మీరు ఎక్కువ తింటున్నారు’ అనడానికి గుండె ధైర్యం కావాలి. అది మన పెద్దలకు దండిగా ఉంది.

చిరుధాన్యాల సంగతే చూడండి. 2023ను ఐక్యరాజ్యసమితి చిరుధాన్యాల సంవత్సరమంది. ఆ ఊపులో సీమవాసులకు సంకటి గొప్పతనం బోధించారు. సంకటి ముద్దను ఊరిబిండిలో అద్దుకుని తిని పెరిగినవాళ్ళు నోరు తెరుచుకుని విన్నారు. కొర్ర, సజ్జ, జొన్న, రాగి ఇక్కడి చేలల్లోవే. వాటిని చేలనుంచి తోసిందెవరు? దేశానికి నూనెగింజలు కావాలని 1986లో ఏకంగా ఓ మిషన్ పెట్టారు. బ్యాంకు అప్పూ, సబ్సిడీ విత్తనమూ చెనిక్కాయ వైపే చూశాయి. రైతూ అటే చూశాడు, లక్షల హెక్టార్లు చెనిక్కాయే అయింది.

అంతకు మూడేళ్ళ ముందే, 1983లో, ఎన్టీ రామారావు కిలో రెండు రూపాయల బియ్యం ఇచ్చారు. చల్లారిన పొయ్యిలు వెలిగాయి. దాన్ని తప్పుపట్టే సాహసం నేను చేయను. కానీ నలభై ఏళ్ళు దాటినా సర్కారు ఇంటికి పంపే తిండంటే ముందు బియ్యమే. మధ్యలో బియ్యానికి బదులు కాసిని రాగులిచ్చే ముచ్చటా జరిగింది. ఈలోగా కొర్ర బెంగళూరు వెళ్ళి, అందమైన సంచిలో దూరి, సన్నబియ్యాన్ని మించిన ధరతో సూపర్‌మార్కెట్లో కూర్చుంది. ‘మీ తాతలు తిన్నదే తినండి’ అంటున్నారు. తాతకు అది చేలో దొరికేది. మనవడికి ఎమ్మార్పీతో దొరుకుతోంది.

ఇక కాళ్ళకు పని లేదన్న ఆరోపణ. ధర్మవరంలో గుంటమగ్గం మీద కూర్చున్న నేతన్న కాళ్ళు పొద్దంతా ఆడుతూనే ఉండేవి. వాటికి విశ్రాంతినిచ్చింది మరమగ్గం. పెనుకొండ దగ్గర ఎర్రమంచిలో 2019 నుంచి కియా కార్లు తయారవుతున్నాయి. దేశం కూర్చుని తిరగడానికి కార్లు చేసిచ్చే జిల్లాను లేచి నడవమంటున్నారు. నడుద్దాం, ఎక్కడ? జాతీయ రహదారి అంచున, సిమెంటు లారీకీ ముళ్ళకంపకూ మధ్యనా? ఆ నడకతో గుండె గట్టిపడటం ఖాయం, ఇంటికి తిరిగొస్తే.

ఇప్పుడు లెక్కలకు వద్దాం. 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో 15-49 ఏళ్ళ ఆడవాళ్ళలో 36.3 శాతం అధిక బరువో ఊబకాయమో ఉన్నవాళ్ళు. అంతకుముందు సర్వేలో అది 33.2. పల్లెల్లోనూ దాదాపు మూడోవంతు. అదే సర్వేలో, అదే వయసు ఆడవాళ్ళలో రక్తహీనత 58.8 శాతం. అంటే ఒకే వీధిలో ఒళ్ళూ ఎక్కువే, రక్తమూ తక్కువే. చాలాసార్లు ఒకే ఒంట్లో. ఇంటిల్లిపాదీ తిన్నాక గిన్నె అడుగున మిగిలింది తినే మనిషి తిండిపోతు ఎలా అయింది? కడుపు నిండుతోంది, ఒంటికి పట్టేది మాత్రం పిండీ నూనే. పప్పు, గుడ్డు, కూరగాయ దాకా చెయ్యి అందట్లేదు. సలహా ఇచ్చేవాళ్ళకు ఈ 58.8 కనపడదు. నడుము కొలిచే టేపు వాళ్ళ దగ్గరుంది గాని, రక్తం చూసే తీరిక లేదు.

పల్లెలో చిల్లరంగడి ముందు దండల్లా వేలాడే ప్యాకెట్లు చూడండి. ఒక్కోటి అయిదు రూపాయలు. కోడిగుడ్డు అంతకంటే ఎక్కువే. కూలికి పోయే తల్లిని ‘పిల్లోడికి ఆ చెత్త ఎందుకు కొనిస్తావమ్మా’ అని అడిగితే, ‘ఐదు రూపాయలకి గుడ్డు యాడొస్తాదప్పా’ అంటుంది. ఆర్థికశాస్త్రం ఈ ఒక్క మాటలో ఉంది. మన విధానకర్తలకు ఇది తెలీదని కాదు. తెలిసే ఏం చేశారో 2025 పంచాంగం విప్పితే కనపడుతుంది.

జనవరి 31న ఆర్థిక సర్వే వచ్చింది. ఫ్యాక్టరీలో అతిగా శుద్ధిచేసి ప్యాకెట్లలో పోసే తిండి మీద ఆరోగ్య పన్నులాంటిది వేయొచ్చని అందులో రాశారు. శుభం. ఫిబ్రవరి 23న ప్రధాని ‘మన్ కీ బాత్’లో ఊబకాయం గురించి మాట్లాడి, ఇంటింటా వంటనూనె 10 శాతం తగ్గించమన్నారు. సవాలు స్వీకరించమని మర్నాడు పదిమంది ప్రముఖుల పేర్లూ చెప్పారు. ఇదీ శుభమే. మే 30న కేంద్రం నిజంగానే తగ్గించింది. ముడి పామాయిలు, సోయా, సన్‌ఫ్లవర్ నూనెల ప్రాథమిక దిగుమతి సుంకాన్ని 20 శాతం నుంచి 10కి! పది శాతం అన్నమాట నిలబెట్టుకున్నారు, వాడకంలో కాకపోతే సుంకంలో. స్వదేశంలో పామాయిలు పెంచడానికి 11,040 కోట్ల మిషన్ 2021లోనే మొదలైంది, ఆ తోటల్లో మన రాష్ట్రమే ముందుంది. ధరలు మండకూడదు, దిగుమతుల భారం తగ్గాలి అనేవి సరైన కారణాలే. కాకపోతే చౌక నూనెను ఊరి మీదకు వదిలి, ‘కొంచెమే వాడమ్మా’ అని గృహిణికి చెప్పడాన్ని విధానం అనరు.

జూన్ 21న విశాఖ తీరంలో మూడు లక్షలమందికి పైగా ఒకేసారి ఆసనాలు వేసి గిన్నిస్ రికార్డు కొట్టారు. రికార్డు బరువుకు కాదు, తలలకు. ప్రభుత్వ కార్యాలయాల్లో నూనె, చక్కెర లెక్కలు చెప్పే బోర్డులు పెట్టమని కేంద్ర ఆరోగ్యశాఖ సూచించింది. జూలైలో సమోసా, జిలేబీల మీద యుద్ధమా అని దేశం గగ్గోలు పెట్టింది. అబ్బే, అమ్మే సరుకు మీద హెచ్చరికలేం లేవని ఆ శాఖే సర్దిచెప్పింది. సమోసా ఊపిరి పీల్చుకుంది.

సెప్టెంబర్ 22న కొత్త జీఎస్టీ వచ్చింది. జనవరిలో ఆరోగ్య పన్ను వేయొచ్చన్న సరుకుల్లో చాలావాటిని సెప్టెంబర్‌లో ఆప్యాయంగా కిందికి దించారు. బిస్కెట్లు, చాక్లెట్లు, నూడుల్స్, మిక్చర్, ఐస్‌క్రీమ్ అన్నీ 5 శాతం. జిమ్ ఫీజు మీద కూడా 5. షుగర్ చూసుకునే గ్లూకోమీటరు 5. మాత్రలు 5. తినడానికి 5, తిన్నది కరిగించడానికి 5, కరక్క వచ్చిన రోగాన్ని కొలవడానికి 5, మింగే మందుకు 5. సమన్యాయం అంటే ఇదే. రోగాన్నీ వైద్యాన్నీ ఒకే పంక్తిలో కూర్చోబెట్టి వడ్డించారు.

గ్యాసు పానీయాలకు మాత్రం 40 శాతం వేశారు కదా అంటారు. వేశారు. అయితే చక్కెర లేని సీసాకూ అదే 40. గ్యాసు లేకుండా పండ్ల గుజ్జు కలిపిన తీపి పానీయానికి 5. చిత్తూరు మామిడి రైతుకు గుజ్జు అమ్ముడుపోవడం ముఖ్యమే, కాదనను. కానీ పన్ను చక్కెర మీద కాదు, బుడగల మీద పడింది. బుడగలతో షుగర్ వచ్చినట్టు ఏ డాక్టరూ చెప్పలేదు.

ఈ రోగాల ఖర్చు ఎవరు భరిస్తారు? గుండెకు స్టెంటు వేయించడానికి మన రాష్ట్రంలో కార్డుంది. స్టెంటు దాకా రానీకుండా ఆపడానికి కార్డు లేదు. కాస్త డబ్బున్నవాళ్ళకు 2025లో బరువు తగ్గించే సూదులూ వచ్చాయి. మార్చిలో మౌంజారో, జూన్‌లో వెగోవీ. మౌంజారో చిన్న మోతాదు ధరే వారానికి 3,500 రూపాయలుగా మొదలైంది. ఉపాధి హామీ కూలి మన దగ్గర ఆ ఏడాది రోజుకు 307. వారం సూదికి పదకొండు రోజులకు పైగా కూలి. వారంలో ఏడే రోజులుండటం కూలీల దురదృష్టం.

మరి మనిషి నోరు కట్టుకోవద్దా? కట్టుకోవాలి. నడక మంచిదే, నూనె తగ్గించడమూ మంచిదే. కానీ ఆ రెండు సర్వేల మధ్య నాలుగైదేళ్ళలో దేశమంతటా అధిక బరువు ఆడవాళ్ళలో 20.6 నుంచి 24 శాతానికి, మగవాళ్ళలో 18.9 నుంచి 22.9కి పెరిగిందంటే, ఇన్ని కోట్లమందికి ఒక్కసారిగా బుద్ధి గడ్డి తిందనుకోవాలా? మారింది మనిషి బుద్ధి కాదు, అంగడిలో సరుకు.

ఆ సరుకును అదుపు చేసిన దేశాలు లేకపోలేదు. మెక్సికో 2014లో తీపి పానీయాల మీద పన్ను వేసింది. చిలీ 2016లో చక్కెర, ఉప్పు, కొవ్వు మితిమీరిన ప్యాకెట్ల మీద నల్లటి హెచ్చరిక ముద్రలు కొట్టించింది. అదే ఏడాది కేరళ బ్రాండెడ్ హోటళ్ళ బర్గర్లు, పిజ్జాల మీద 14.5 శాతం పన్ను వేస్తే మరుసటేడు జీఎస్టీ వచ్చి మింగేసింది. బత్తలపల్లికి కావలసిందీ ఇలాంటివే. పన్ను చక్కెరను బట్టి ఉండాలి, రేషన్లో కందిపప్పూ కొర్రలూ ఏడాది పొడవునా రావాలి, రోడ్డు పక్కన మనిషి నడిచే జాగా కావాలి, ప్యాకెట్ ముందు చదువురాని తల్లికీ అర్థమయ్యే నల్లముద్ర పడాలి.

ఆ ముద్ర సంగతి వినండి. ఆహార భద్రతా ప్రమాణాల సంస్థ 2022 సెప్టెంబర్‌లో ముసాయిదా తెచ్చింది. హెచ్చరిక బదులు నక్షత్రాలిస్తామంది. ఎంత పనికిమాలిన తిండికైనా కనీసం అర నక్షత్రం! 2025 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు మూడు నెలల్లో తేల్చమంది, జూలైలో ఇంకో మూడు నెలలిచ్చింది. ఏడాది ముగిసేనాటికీ ప్యాకెట్ ముందు ఏ గుర్తూ రాలేదు. అయ్యా, బత్తలపల్లి జనాన్ని తెల్లారుజామున నడిపించే ముందు ఆ ఫైలును నాలుగడుగులు నడిపించండి. 2022 నుంచి కదలకుండా కూర్చుంది, ఒళ్ళు దానికే ముందు వచ్చుంటుంది.