వరద నీటికీ ఒక ఎల్‌ఆర్‌ఎస్ ఇప్పించండి

నగర ప్రణాళికా విభాగం ఉన్నతాధికారి గారి సముఖమునకు,
హైదరాబాదు.

విషయం: ఏటా మా కాలనీలో అనుమతి లేకుండా కాపురం పెడుతున్న వాననీటిని క్రమబద్ధీకరించుట గురించి.

ఆర్యా,

మా కాలనీలో ఒక అక్రమ నివాసి ఉన్నారు. ఆయన జూన్‌లో వస్తారు, దసరా దాటాక వెళ్తారు. అద్దె లేదు, ఇంటి పన్ను లేదు, నల్లా కనెక్షన్ అసలే అక్కర్లేదు. దిగేది మా సెల్లార్లలో. మరీ అభిమానం పుట్టుకొస్తే గ్రౌండ్ ఫ్లోర్ వంటింటి దాకా వచ్చి, గ్యాస్ సిలిండర్‌ను కాసేపు తేలించి పోతారు. ఆయన్ని ఖాళీ చేయించమని ఇన్నాళ్లూ అర్జీలు పెట్టుకున్నాం. తమరి సిబ్బంది వచ్చారు, ఫొటోలు తీసుకున్నారు, వెళ్లారు. ఈసారి అడిగేది వేరు. ఆయనకే ఒక ఎల్‌ఆర్‌ఎస్ ఇప్పించండి.

ఇది అడగరాని కోరికేమీ కాదు. ఈ నగరంలో ముందు కట్టడం, తర్వాతే కాగితం. 2007 చివర్లో అనుమతి లేని లే అవుట్లను క్రమబద్ధీకరించడానికి ఎల్‌ఆర్‌ఎస్, భవనాలకు బీపీఎస్ వచ్చాయి. 2015లో మళ్లీ వచ్చాయి, పేరు కాస్త మారింది. 2020 ఆగస్టు ఆఖర్న మరోసారి ఎల్‌ఆర్‌ఎస్ అంటే రాష్ట్రమంతటా సుమారు 25 లక్షల దరఖాస్తులు పడ్డాయి. తప్పు చేసినవాళ్లు అంతమంది ఉన్నారంటే అది తప్పు కాదు, పద్ధతి అన్నమాట. అప్పుడు మొదట పెట్టిన గడువు అక్టోబరు 15. మా వాననీరు అంతకు రెండు రోజుల ముందే, 13వ తేదీ రాత్రి, స్వయంగా హాజరయ్యారు. నగరంలో సగం మంది చూశారు. ఆన్‌లైన్ ఫారంలో ఆయనకు తగిన కాలమ్ లేకపోవడం వల్ల దరఖాస్తు నమోదు కాలేదు, అంతే.

పత్రాల సంగతి అడుగుతారు కాబట్టి ముందే మనవి చేసుకుంటున్నాను. 2020 ఆగస్టు 26 లోపు రిజిస్టరైన దస్తావేజు ఉంటే చాలన్నారు. మా దరఖాస్తుదారు దస్తావేజు తేదీ 1908 సెప్టెంబరు 28. ఆ రోజు ఎగువన రెండు వందలకు పైగా చెరువులు తెగి, మూసీ పొంగి, ఊరికి ఊరే కొట్టుకుపోయింది. నిజాం ప్రభుత్వం మోక్షగుండం విశ్వేశ్వరయ్యను పిలిపించింది. ఆయన నీటిని తిట్టలేదు, దానికి చోటు చూపించమన్నారు. ఫలితంగా 1920లో ఉస్మాన్‌సాగర్, 1927లో హిమాయత్‌సాగర్ పూర్తయ్యాయి. నీటికి ఈ నగరం అధికారికంగా కేటాయించిన డబుల్ బెడ్‌రూం ఇల్లు అదొక్కటే. దాని చుట్టూ 84 గ్రామాల్లో కట్టడాలకు కళ్లెం వేస్తూ 1996లో 111 జీవో తెచ్చారు. 2022లో 69 జీవోతో ఆ కళ్లెం తీసేస్తున్నామన్నారు. సరే, అది పెద్దల వ్యవహారం.

మా కాలనీకి వద్దాం. పాత పహాణీలో రెండు గడులుంటాయి, పట్టాదారు ఒకటి, అనుభవదారు ఒకటి. మాది శిఖం భూమి, అంటే చెరువు గర్భం. ఎండాకాలం నీరు వెనక్కి పోయాక రైతు కాస్త దున్నుకునేవాడు, వానలు పడగానే గట్టెక్కేవాడు. అంటే సంవత్సరంలో నాలుగైదు నెలలు అనుభవదారు నీరే. రైతు దగ్గర వెంచర్ వాళ్లు ఎండాకాలంలో కొన్నారు, మాకు ఎండాకాలంలోనే చూపించారు. పన్నెండేళ్లు ఎదురులేకుండా కబ్జాలో ఉంటే మనుషులకే హక్కు వస్తుందంటారు గదా. మరి ఇన్ని తరాలుగా క్రమం తప్పకుండా వస్తున్న ఆయనకు ఎందుకు రాదు?

ప్లాటు కొనేటప్పుడు మనవాళ్లు తూర్పు ముఖమా, వీధిపోటు ఉందా, ఈశాన్యం పెరిగిందా అని పంతుల్ని వెంటబెట్టుకుని మరీ చూస్తారు. చెరువు మత్తడి ఎటుపక్కన ఉండేదని అడిగినవాణ్ణి నేను చూడలేదు. ఈశాన్యంలో నీరుంటే మంచిదంటుంది వాస్తు. ఇప్పుడు ఎనిమిది దిక్కులా ఉంది.

మా వీధి మలుపులో కట్ట మైసమ్మ గుడి ఉంది. అక్కడ రోడ్డు కొంచెం ఎత్తెక్కి మళ్లీ దిగుతుంది. గ్యాస్ బండల ఆటో అక్కడికి రాగానే మూలిగి గేరు మార్చుకుంటుంది. ఆ ఎత్తే కట్ట. తూము ఉండాల్సిన చోట ఒక అపార్టుమెంటు పార్కింగ్ వచ్చింది. మత్తడి నుంచి కింది చెరువుకు పోయే వాగు మొదట నాలా అయింది. తర్వాత నాలా మీద స్లాబు, స్లాబు మీద కర్రీ పాయింటు, దాని పక్కన మొబైల్ షాపు. ఏటా ఆషాఢంలో బోనమెత్తి, కట్ట తెగకుండా చూడమ్మా అని మొక్కుకుంటాం. ఆ తల్లి మాట తప్పలేదు. కట్ట తెగలేదు, నీరు లోపలే నిలుస్తోంది. లోపల ఉన్నది మేమే.

కట్ట తెగిన చోట్ల ఏమైందో తమరికి తెలియనిది కాదు. 2020లో పల్లె చెరువు, గుర్రం చెరువు తెగితే పాతబస్తీ అంచున ఉన్న అల్‌జుబైల్ కాలనీ, హఫీజ్‌బాబానగర్ రోజుల తరబడి బురదలో ఉన్నాయి. గొలుసుకట్టు చెరువుల్లో పైది నిండితే కిందిదానికి పంపాలి. మనం నడుమ లంకెలన్నీ అమ్మేశాం. నీరు మాత్రం పాత టైం టేబుల్ ప్రకారమే బయల్దేరుతోంది. 2000 ఆగస్టులో ఒక్కరోజే 24 సెంటీమీటర్ల వాన కురిశాక కిర్లోస్కర్ కమిటీ వేశారు. నాలాలు వెడల్పు చేయమంది. ఆ నివేదిక అక్షరం ముక్క పోకుండా భద్రంగా ఉందని విన్నాను.

ఇక మా కాగితాలు. రిజిస్ట్రేషన్ వాళ్లు స్టాంపు డ్యూటీ తీసుకున్నారు, కరెంటు వాళ్లు మీటరు బిగించారు, ఇంటి నంబరు వచ్చింది, బ్యాంకు తన లాయరు చేత లీగల్ ఒపీనియన్ రాయించుకుని మరీ లోనిచ్చింది. ఇందరు చూసిన ప్లాటులో చెరువు ఎవరికీ కనబడలేదు. పది హెక్టార్లు దాటిన చెరువుకు 30 మీటర్లు, చిన్నదైతే 9 మీటర్లు బఫర్ వదలాలని 2012లోనే 168 జీవోలో ఉంది. ఎక్కణ్ణుంచి కొలవాలన్నదే చిక్కు. చాలా చెరువులకు ఎఫ్‌టీఎల్, అంటే నిండు నీటిమట్టం, హద్దుల తుది నోటిఫికేషన్ ఏళ్ల తరబడి రాలేదు. హద్దు తేలేలోపు ఇళ్లు తేలాయి, అవీ ఇవీ కలిపి.

2024లో చెరువుల కబ్జాలు కూల్చే హైడ్రా వచ్చింది. బుల్‌డోజర్ వద్దనను, చెరువు మింగినవాణ్ణి వదలమని అంతకన్నా అనను. కానీ అది వచ్చే వరస చూడండి. ప్లాట్లు చేసి అమ్మినవాడు ఎప్పుడో వేరే మండలంలో కొత్త బ్రోచర్ వేసుకున్నాడు. అనుమతి ఇచ్చిన సంతకం బదిలీ అయి వెళ్లిపోయింది. చివరికి దొరికేది ఈఎంఐ కడుతున్నవాడు. పాత సంతకాల ఇళ్ల ముందు కూడా ఒకసారి ఆ బండి ఆగితే చూడాలని ఉంది. కూల్చక్కర్లేదు, హారన్ కొడితే చాలు.

దరఖాస్తుదారు మొండితనానికి సాక్ష్యాలు కూడా ఉన్నాయి. అంబర్‌పేటలో బతుకమ్మ కుంట ఆనవాలు లేకుండా పూడిపోయింది. 2025లో తవ్వేసరికి కింద నీరు అలాగే ఊరింది. అదే ఏడాది సెప్టెంబరు చివర ఉస్మాన్‌సాగర్, హిమాయత్‌సాగర్ గేట్లు ఎత్తితే, మూసీ నడిచి వచ్చి మహాత్మాగాంధీ బస్ స్టేషన్ ప్లాట్‌ఫారాలెక్కింది. నది మధ్యలో బస్టాండు కట్టింది మనమే కాబట్టి ఆ రోజు ఎవరు ఎవరి స్థలంలోకి వచ్చారో నేను తేల్చలేను.

కనుక గజానికి ఇంత అని రుసుము చెప్పండి, కాలనీ అంతా చందాలు వేసుకుని ఆయన తరఫున కడతాం. బదులుగా ఆయనకు నాలా ఒకటి, కింది చెరువు దాకా దారి ఒకటి రాసివ్వండి. ఆ దారిలో మా ప్రహరీలు అడ్డొస్తే మార్కింగ్ వేయండి, కర్రీ పాయింటు మొదలుకుని వరసగా. దరఖాస్తు తిరస్కరిస్తే ఆ నోటీసు ఆయనకే నేరుగా ఇవ్వండి. మా గోడకు అంటిస్తే జూలైలో ఊడిపోతుంది.

విచారణకు తేదీ వేసేటప్పుడు వేసవి వద్దని మనవి, దరఖాస్తుదారు అప్పుడు ఊళ్లో ఉండరు. జూన్ రెండో వారం దాటాక ఎప్పుడైనా సరే. చిరునామా పంపనక్కర్లేదు. తమరి ఆఫీసు సెల్లార్ ఆయనకు తెలుసు.

ఇట్లు,
దరఖాస్తుదారు తరఫున,
గ్రౌండ్ ఫ్లోర్ వాసి.