ఫైల్ షాట్ గోదావరి

జులై వచ్చిందంటే మన చానళ్లలో గోదావరి ఒడ్డున ఉన్న ఏటూరునాగారం మునగాల్సిందే. అందుకు వరదే రానక్కర్లేదు, డిస్కులో ఒక బిట్టుంటే చాలు. తెర మూలన చీమతలంత అక్షరాల్లో 'ఫైల్ షాట్స్' అని వేసేస్తే పాపపరిహారం. ఏ ఫైలు, ఏ ఏడు, ఏ రేవు అని అడిగినవాడు పాతచింతకాయ.

పాత ఫుటేజీ వెతికిపెట్టే రీసెర్చర్ అనే ఉద్యోగం ఒకటుంది. ఆ బొమ్మ ఎక్కడిదో, ఎప్పటిదో తేల్చాలి, హక్కులెవరివో కనుక్కుని డబ్బు కట్టించాలి. పాపం, ఆ మనిషిని మన న్యూస్‌రూములో కూర్చోబెడితే మొదటిరోజే గొడవ. "సార్, ఇందులో ముళ్లకట్ట వంతెన కనిపిస్తోంది, అప్పటికది కట్టనేలేదు, ఇది 1986 వరద కాదు" అంటాడు. "వీక్షకుడికేం తెలుస్తుందయ్యా" అంటారు సారు. "జంపన్న వాగు ఉగ్రరూపం అంటున్నాం, వెనక భక్తులు మోకాటిలోతులో స్నానాలు చేస్తున్నారు, ఇది మేడారం జాతర బిట్టు" అంటాడు. "వాగు అదేగా!"

వాగు అదే. 2023 జులైలో, లక్ష్మీదేవిపేటలో ఒక్కరోజే 649.8 మి.మీ. వాన కురిసినప్పుడు, కొండాయి ఊరి మీద పడి ఎనిమిది మందిని పొట్టన పెట్టుకున్నదీ ఆ వాగే. జాతర స్నానాల బిట్టు వేసి ఆ సంగతి చెబితే కొండాయివాళ్లు ఏమనుకోవాలో సారు సెలవిచ్చారు కాదు.

పాత బిట్టు దొరకాలన్నా తెలివి కావాలి. ఏటూరునాగారం 2016 అక్టోబరు దాకా వరంగల్ జిల్లా, ఆపైన భూపాలపల్లి, 2019 ఫిబ్రవరి నుంచి ములుగు. ఊరు కదల్లేదు, లేబుల్ మూడిళ్లు మారింది. 'ములుగు' అని కొట్టి, ఏమీ రాకపోతే "అప్పట్లో కెమెరాలెక్కడివి" అని తేల్చేస్తే పని సులువు.

కెమెరాలు లేకేం? హైదరాబాద్ దూరదర్శన్ పుట్టింది 1977లో. భద్రాచలం దగ్గర గోదావరి 75.6 అడుగులకు లేచింది 1986 ఆగస్టులో. 2022 జులైలో 71.3 అడుగులు రాగానే '1986 తర్వాత ఇదే' అని గొంతులన్నీ పలికాయి. ఆ 1986ని ఒక్క నిమిషం చూపించండి చూద్దాం! పాత సినిమాలకైతే 1964 నుంచి పుణెలో జాతీయ ఆర్కైవ్ ఉంది. అయినా మన తొలి టాకీ, 1932 నాటి 'భక్త ప్రహ్లాద', చేజారిపోయింది. ప్రహ్లాదుణ్నే కాపాడుకోలేనివాళ్లం, కోయగూడెం వరదను దాస్తామా?

"డిస్కులు నిండిపోతున్నాయి, పాతవి చెరిపేయక తప్పదు" అంటుంది యాజమాన్యం. నిజమే కాబోలు. ఛైర్మన్‌గారి అమ్మాయి పెళ్లి మాత్రం మూడు డిస్కుల్లో భద్రంగా ఉంది. తేదీ, ముహూర్తం, పందిట్లో ఎవరు ఎవరికి ఏ వరసో, అన్నీ రాసిపెట్టారు.